జ్యూరిక్‌లో 1,15,000 ఫ్రాంకుల జీతం ముగ్గురికి సరిపోతుందా?

ప్రశ్న క్లుప్తంగా ఇదీ: హైదరాబాద్ నుంచి జ్యూరిక్‌కి ఆఫర్ వచ్చింది, ఏడాదికి 1,15,000 ఫ్రాంకులు. మీరు, మీ ఆవిడ, మూడేళ్ల పాప. ఆవిడకి అక్కడ ఇంకా ఉద్యోగం లేదు. నెలకి ఎంతవుతుంది, ఎంత మిగులుతుంది, కాఫీకే ఐదొందలట కదా అని టెన్షన్ పడుతున్నారు.

సరిపోతుంది. ఇల్లు నగరం నడిబొడ్డున కాకుండా చుట్టుపక్కల తీసుకుని, పాపని ఇంట్లోనే చూసుకుంటే నెలకి 1,500 ఫ్రాంకులకి అటూ ఇటూగా మిగులుతుంది. ఆపైన 13వ నెల జీతం ఉంటుంది. పాపని వారానికి ఐదు రోజులూ కితాలో (ఇక్కడ డేకేర్‌ని అలాగే అంటారు) వేస్తే మాత్రం ఒక్క జీతంతో పైసా మిగలదు, చేతి నుంచి పెట్టుకోవాలి. మీ విషయంలో అసలు తేల్చుకోవాల్సింది అదే.

నేను వచ్చి తొమ్మిదేళ్లయింది. కొత్తగా దిగిన ఓ పదిహేను కుటుంబాలకి పక్కన కూర్చుని లెక్కలు వేసిచ్చాను. అందరూ మీలాగే కాఫీ దగ్గర మొదలుపెడతారు. నిజమే, కాఫీ ఐదు ఫ్రాంకులు, రూపాయల్లో ఐదొందల పైనే. రోజూ ఆఫీసు దగ్గర తాగినా నెలకి వంద ఫ్రాంకులు. అదే ఇల్లు ఒక స్టేషన్ ఇవతల తీసుకుంటామా, అవతల తీసుకుంటామా అనేదాంట్లో నెలకి ఐదారు వందలు తేడా వస్తుంది. ఈ ఊళ్లో డబ్బు పోయేది కొట్లో కాదు, సంతకాలు పెట్టేటప్పుడు. ఇల్లు, ఆరోగ్య బీమా, కితా, ఈ మూడిటి మీద మొదటి మూడు నెలల్లో పెట్టే సంతకాలతోనే మీ ఏడాది బడ్జెట్‌లో చాలా భాగం ఖాయమైపోతుంది. తర్వాత టమాటాల దగ్గర ఎంత బేరం చూసుకున్నా పెద్దగా ఒరిగేదేమీ ఉండదు.

ముందు చేతికెంతొస్తుందో చూద్దాం. ఆఫర్ లెటర్‌లో జీతం 12 నెలలకా 13 నెలలకా అన్నది చూడండి. ఇక్కడ చాలా కంపెనీలు 13 భాగాలు చేసి, ఆ పదమూడోది సాధారణంగా డిసెంబర్‌లో ఇస్తాయి. అప్పుడు మీ నెల జీతం 8,850 దగ్గర ఉంటుంది, 9,580 కాదు. దాంట్లోంచి వృద్ధాప్య పింఛను, వైకల్య బీమా లాంటివన్నీ కలిపి 5.3 శాతం, నిరుద్యోగ బీమాకి 1.1 శాతం, ప్రమాద బీమాకి కొంచెం పోతుంది. ఆపైన కంపెనీ పెన్షన్ ఫండ్. ఇది వయసుతో పెరుగుతుంది. చట్టం ప్రకారం కనీసం 25 నుంచి 34 వరకు 7 శాతం, 35 నుంచి 10, 45 నుంచి 15, 55 నుంచి 18. మొత్తం జీతం మీద కాదు, అందులో కొంత భాగం మీద. దాంట్లో కనీసం సగం కంపెనీ పెట్టుకోవాలి. ఇది పోయిన డబ్బు కాదు, మీ పేరు మీదే ఉంటుంది. అందుకే ఇద్దరికి ఒకే జీతమున్నా చేతికొచ్చేది ఒకటి కాదు. సంతకం పెట్టేముందు నమూనా పే స్లిప్ ఒకటి ఇమ్మని హెచ్‌ఆర్‌ని అడగండి, మొహమాటం వద్దు, ఇస్తారు.

పన్ను సంగతి. బీ పర్మిట్ (ఇక్కడ ఉండటానికిచ్చే అనుమతి) మీద వచ్చినవాళ్లకి పన్ను జీతంలోంచే కోసేస్తారు, క్వెలెన్‌స్టోయర్ అంటారు. పెళ్లయి, ఒక్కరే సంపాదిస్తూ, ఒక బిడ్డ ఉంటే శ్లాబ్ బాగా తక్కువ. పెళ్లికానివాళ్ల పే స్లిప్ చూసి మీరు బెంగపెట్టుకోవద్దు. అన్నీ పోగా మీ చేతికి 7,300 దాకా రావాలని నా అంచనా. పాపకి నెలకి 215 ఫ్రాంకుల పిల్లల భత్యం కూడా వస్తుంది, అది జీతంతోపాటే కలిపి ఇస్తారు, కంపెనీ ద్వారా దరఖాస్తు పెట్టుకోవాలి. మొత్తం 7,500 అనుకుందాం.

ఇక్కడ రెండు చిన్న మాటలు. ఏడాది జీతం 1,20,000 దాటితే పన్ను రిటర్న్ తప్పనిసరి. మీరు దాని కింద ఉన్నారు కాబట్టి మీ ఇష్టం. కావాలంటే తర్వాతి ఏడాది మార్చి 31లోగా అడగొచ్చు, కానీ ఒకసారి అడిగితే ఆ తర్వాత ప్రతి ఏడాదీ వెయ్యాల్సిందే, లాభమొచ్చినా నష్టమొచ్చినా. రెండోది, ఊరి ఆఫీసులో పేరు నమోదు చేయించుకోడానికి వెళ్లినప్పుడు మతం అడుగుతారు. రోమన్ కాథలిక్, సంస్కరణవాద ప్రొటెస్టెంట్, క్రైస్తవ కాథలిక్ అని రాయిస్తే చర్చి పన్ను కూడా పడుతుంది. మన క్రైస్తవ కుటుంబాల్లో కొందరు ఈ సంగతి మొదటి పే స్లిప్ వచ్చేదాకా తెలియక ఆశ్చర్యపోయారు. కట్టాలా వద్దా అన్నది వాళ్లిష్టం, తెలిసి కట్టడం వేరు కదా.

ఇల్లు. 2024 జూన్ లెక్కల్లో జ్యూరిక్ నగరంలో ఖాళీ ఇళ్లు 0.07 శాతం. అంటే పదివేల ఇళ్లకి ఏడు. కాబట్టి ఇల్లు మీరు ఎంచుకోరు, ఇల్లే మిమ్మల్ని ఎంచుకుంటుంది. చూడ్డానికి వెళితే మెట్ల మీద నలభై మంది వరసలో ఉంటారు. అప్లికేషన్‌తోపాటు ఉద్యోగ పత్రం, పర్మిట్, కట్టని బాకీలేవీ లేవని బెట్రైబుంగ్ ఆఫీసు (బాకీల వసూలు చూసే ప్రభుత్వ ఆఫీసు) ఇచ్చే కాగితం పెట్టాలి. కొత్తగా వచ్చిన మీకు ఆ కాగితంలో చెప్పుకోదగ్గ చరిత్ర ఉండదు, అందుకే కంపెనీ నుంచి ఒక సిఫారసు లేఖ తీసుకోండి. మాకు రెండో ఇల్లు దొరకడానికి ఆ లేఖే పనికొచ్చిందని నా నమ్మకం.

గదుల లెక్క కూడా మన బెడ్‌రూముల లెక్క కాదు. 3.5 గదులంటే హాలు, రెండు పడకగదులు, ఆ సగం భోజనాల జాగా. వంటిల్లు, బాత్‌రూము లెక్కలోకి రావు. మీ ముగ్గురికి 2.5 గదులు కూడా రెండేళ్లపాటు సరిపోతుంది, కానీ ఊరి నుంచి అమ్మానాన్నలు వస్తారంటే 3.5 చూసుకోండి. నగరం లోపల 3.5 గదులకి 3,000 దాటి అడుగుతున్నారు. ష్లీరెన్, డీటికోన్, డ్యూబెన్‌డోర్ఫ్, వాలిసెలెన్ వైపు 2,400 నుంచి 2,800 మధ్యలో దొరకొచ్చు, లోకల్ ట్రైన్లో పది పదిహేను నిమిషాలే. వింటర్‌తూర్ ఇంకాస్త దూరం. యజమానులు సాధారణంగా అద్దె జీతంలో మూడో వంతు దాటకూడదని చూస్తారు. ఆ లెక్కన మీకు 3,200 దాకా ఇస్తారు. అది మీరు కట్టగలరని వాళ్ల లెక్క, నా లెక్క మాత్రం 2,600, నేబెన్‌కోస్టెన్ (హీటింగు, నీళ్లు, మెట్లు తుడిచే ఖర్చు) కలిపి. ఈ నేబెన్‌కోస్టెన్ సాధారణంగా అడ్వాన్సు మాత్రమే, ఏడాది చివర అసలు లెక్క తేల్చి ఇంకో బిల్లు రావచ్చు.

డిపాజిట్ గరిష్ఠంగా మూడు నెలల అద్దె. అది యజమాని జేబులోకి పోదు, మీ పేరు మీదే బ్యాంకులో బ్లాక్ అయి ఉంటుంది. డిపాజిట్ బదులు బీమా తీసుకోమని కొన్ని కంపెనీలు చెప్తాయి, ఏటా కట్టే ప్రీమియం తిరిగిరాదు, చేతిలో డబ్బుంటే దాని జోలికి వెళ్లొద్దు.

ఇల్లు ఖాళీ చేసేటప్పుడు నాకు తగిలిన దెబ్బ చెప్తాను. మొదటి ఇంట్లో క్యాలెండరుకీ దేవుడి పటాలకీ గోడకి మేకులు కొట్టాం, ఓవెన్ ఎప్పుడూ వాడలేదు కాబట్టి అది శుభ్రంగానే ఉందనుకున్నాం. తాళాలు అప్పగించే రోజు యజమాని తరఫు మనిషి టార్చి వేసి చూసి, మేకు బెజ్జాలు లెక్కపెట్టి, ఓవెన్ లోపలి నుంచి పోపు జిడ్డు చూపించి, డిపాజిట్‌లోంచి 900 ఫ్రాంకులు పట్టుకున్నాడు. తర్వాత తెలిసిందేమిటంటే, గోడ రంగుకి, కార్పెట్‌కి ఇంత ఆయుష్షు అని ఇక్కడ ఒక పట్టిక ఉంది, ఆ ఆయుష్షు తీరిన రంగుకి మన దగ్గర డబ్బు తీసుకోకూడదు. అద్దెదారుల సంఘంలో (మీటర్‌ఫెర్బాండ్) సభ్యత్వం తీసుకుని ఉంటే ఆ రోజే నోరు తెరిచేవాణ్ని. దిగిన రోజే ప్రతి గోడనీ, ప్రతి గీతనీ ఫోటో తీసుకోండి.

ఇంకోటి, జర్మన్ రానివాళ్లకి ఎవరూ చెప్పరు: దేశమంతటికీ ఒక ఆధార వడ్డీ రేటు ఉంటుంది, చాలా అద్దెలు దానికి కట్టి ఉంటాయి. అది 2025 మార్చిలో 1.5కి, సెప్టెంబర్‌లో 1.25 శాతానికి దిగింది. మీరు తీసుకున్న తర్వాత మళ్లీ దిగితే అద్దె తగ్గించమని ఉత్తరం రాయొచ్చు. వాళ్లంతట వాళ్లే తగ్గిస్తారని కూర్చోకండి.

ఆరోగ్య బీమా. ఇండియాలో కంపెనీ ఇస్తుంది కదా, ఇక్కడా అంతే అనుకుని నేను మొదటి రెండు నెలలూ వచ్చిన ఉత్తరాలు విప్పను కూడా లేదు. ఇక్కడ ఎవరి బీమా వాళ్లదే, మనిషికొకటి, పాపకి కూడా. వచ్చిన మూడు నెలల్లోగా తీసుకోవాలి, ఎప్పుడు తీసుకున్నా దిగిన రోజు నుంచీ ప్రీమియం కట్టాలి. నాకు మూడో నెలలో ఇద్దరివీ పాత నెలలతో కలిపి ఒకేసారి రెండు వేల బిల్లు వచ్చింది, ఆ నెల మేం పప్పన్నంతో గడిపాం.

ప్రాథమిక బీమాలో ఏ కంపెనీ అయినా ఇచ్చే వైద్యం ఒకటే, చట్టమే నిర్ణయిస్తుంది. తేడా ధరలోనే. కాబట్టి ప్రభుత్వం నడిపే ప్రిమిన్ఫో వెబ్‌సైట్‌లో మీ పిన్ కోడ్ కొట్టి చవకది చూసుకోండి, ఏజెంట్లు అక్కర్లేదు. ఫ్రాంషీజ్ అని ఒకటుంటుంది, అంటే ఏడాదిలో మొదట ఇంత సొమ్ము మన జేబులోంచే పోవాలి. పెద్దవాళ్లకి 300 నుంచి 2,500 దాకా. మధ్యలోవి దాదాపు ఎవరికీ గిట్టవు. ఒంట్లో బాగుండి మందులు వాడనివాళ్లకి 2,500, బీపీ షుగర్ లాంటివి ఉంటే 300. పాపకి సున్నా పెట్టండి. ముందు ఫోన్ చేసి అడిగే పద్ధతి (టెల్మెడ్) ఎంచుకుంటే ఇంకా తగ్గుతుంది. ముగ్గురికీ కలిపి 760 అనుకోండి. ఏటా ధరలు మారతాయి, కంపెనీ మారాలంటే నవంబర్ 30లోగా వాళ్లకి ఉత్తరం చేరాలి.

2,500 పెట్టుకుంటే ఒక షరతు. ఆపైన అయ్యే ఖర్చులో కూడా పది శాతం, ఏడాదికి 700 దాకా మనదే. మొత్తం 3,200. ఆ 3,200 పక్కన లేకుండా 2,500 ఫ్రాంషీజ్ తీసుకోవడం జూదం. నెలకి 270 చొప్పున పక్కన పెడుతూ పోండి. రెండో బిడ్డ ఆలోచన ఉంటే మరీ భయపడక్కర్లేదు, కాన్పు ఖర్చులకి ఈ వాటా పడదు. అంబులెన్సుకి మాత్రం బీమా సగమే ఇస్తుంది, అదీ ఏడాదికి 500 దాకా. పళ్లకి మామూలుగా ఏమీ ఇవ్వదు. రూట్ కెనాల్, క్లీనింగ్, పిప్పి పన్ను ఏమున్నా హైదరాబాద్‌లోనే చేయించుకుని విమానం ఎక్కండి. మా ఆవిడ ఒక పంటికి ఇక్కడ పెట్టిన డబ్బుతో ఇంటికెళ్లి, అక్కడ చేయించుకుని, వారం ఉండి రావచ్చు.

కితా. సబ్సిడీ లేకుండా రోజుకి 130 ఫ్రాంకుల దాకా. ఐదు రోజులకి నెలకి 2,800, రెండు రోజులకి 1,100. ఇది చూసి మా పరిచయస్తుల్లో ఒకాయన "దీనికన్నా మా అత్తగారిని బిజినెస్ క్లాసులో రప్పిస్తా" అన్నాడు, వీసా మూడు నెలలేనని తర్వాత గుర్తొచ్చింది. కానీ మీ పాప వయసు మీకు కలిసొస్తుంది. జులై 31 నాటికి నాలుగేళ్లు నిండితే ఆగస్టులో కిండర్‌గార్టెన్, ప్రభుత్వ బడి, ఫీజు లేదు, తప్పనిసరి కూడా. అంటే పాప పుట్టినరోజుని బట్టి మీది కొన్ని నెలల నుంచి రెండేళ్ల లోపు సమస్యే. ఈలోపు ష్పీల్‌గ్రుప్పె అని వారానికి రెండు పూటలు ఆడించే చోట్లుంటాయి, కితాతో పోలిస్తే చాలా చవక, పిల్లకి జర్మన్ కూడా పట్టుబడుతుంది. ఇంటర్నేషనల్ స్కూలు ఊసెత్తకండి, కంపెనీ కడితే తప్ప.

ఇక్కడ ఒక మెలిక ఉంది. కితా సబ్సిడీ ఆదాయాన్ని బట్టి ఊరే ఇస్తుంది, ఎంతిస్తుందన్నది ఊరూరికీ మారుతుంది. నాకు తెలిసిన ఒక జంట నగరం వదిలి అద్దె 400 తక్కువని పక్క ఊరికి వెళ్లారు, అక్కడ వాళ్ల ఆదాయానికి సబ్సిడీ రాలేదు, మిగిలిన 400 పోయి ఎదురు ఇంకో 300 పడింది. మీ ఆవిడ ఉద్యోగం చెయ్యాలనుకుంటే ఇల్లు చూసే ముందు ఆ ఊరి వెబ్‌సైట్‌లో ఆ లెక్క చూడండి. మీ పర్మిట్‌తో వచ్చే భార్యకి మామూలుగా పని చేసుకునే హక్కు ఉంటుంది. ఆవిడకి జీతం మొదలైతే మీ పన్ను శ్లాబ్ కూడా మారుతుంది, అది కూడా లెక్కలో వేసుకోండి.

తిండి గురించి ఎక్కువ చెప్పను, ఎందుకంటే ఇది మీ చేతిలోనే ఉంటుంది. ఇంట్లో వండుకుంటే ముగ్గురికి 900, 950. సూపర్‌మార్కెట్లలో ఆల్డీ, లిడ్ల్‌లో కూరగాయలు, మిగ్రోలో ఎం-బడ్జెట్, కోప్‌లో ప్రీ గరాంతీ అని చవక రకాలు. సాయంత్రం మూసే ముందు 25, 50 శాతం స్టిక్కర్లు వేస్తారు. బియ్యం, కందిపప్పు, కరివేపాకు, బెండకాయలు శ్రీలంక తమిళుల కొట్లలో దొరుకుతాయి, లాంగ్‌స్ట్రాసె చుట్టుపక్కల చూడండి. వాళ్లే లేకపోతే మన వంటిళ్లు ఎలా నడిచేవో. మాంసం బాగా ఖరీదు, కోడి రొమ్ము కన్నా కాళ్లు చవక, మన కూరకి రుచి కూడా అవే. కుళాయి నీళ్లు హాయిగా తాగండి, వీధుల్లో ఉన్న 1,200 పైచిలుకు ఫౌంటెన్లలో నీళ్లూ తాగేవే. ఆదివారం కొట్లు మూసేస్తారు, స్టేషన్లో తెరిచి ఉండే కొట్లకి వెళితే అనుకోకుండా ఎక్కువ కొంటాం.

జర్మనీ వెళ్లి సరుకులు తెచ్చుకోమని అందరూ చెప్తారు. 2025 జనవరి నుంచి మనిషికి పన్ను లేకుండా తెచ్చుకునేది 300 నుంచి 150 ఫ్రాంకులకి తగ్గించారు, దాటితే మొత్తం మీద పన్ను పడుతుంది. మాంసం మనిషికి కిలో. నేను ఒక ఏడాది ప్రతి శనివారం సరిహద్దు దాటగానే ఉన్న జర్మన్ ఊరు కోన్‌స్టాంజ్ వెళ్లేవాణ్ని. టికెట్లు, అక్కడ తినే ఐస్‌క్రీములు, "ఎలాగూ వచ్చాం కదా" అని కొన్న షాంపూలు అన్నీ రాసి చూస్తే ఏడాదికి మిగిలింది చాలా కొంచెం. ఇప్పుడు రెండు నెలలకోసారి డైపర్లు, సబ్బులు, డిటర్జెంట్ లాంటి బరువైన వాటికే.

రవాణాకి కారు వద్దు. ఇక్కడ టికెట్ ధర జోన్లని బట్టి ఉంటుంది. జ్యూరిక్ నగరం జోన్ 110, అది రెండు జోన్ల కింద లెక్క. ఏడాది పాస్ దాదాపు తొమ్మిది నెలల పాస్‌ల ధరకి వస్తుంది, నెలనెలా కొనకండి. 190 ఫ్రాంకుల హాల్బ్‌టాక్స్ కార్డు తీసుకుంటే టికెట్లు సగం ధరకి. ఆరేళ్ల లోపు పాపకి టికెట్టే లేదు.

ఇప్పుడు మొత్తం కలుపుదాం. అద్దె 2,600, ఆరోగ్య బీమా 760, తిండి 950, ప్రయాణాలు 250, ఫోన్లు, ఇంటర్నెట్, కరెంటు 180, ఏడాదికోసారి వచ్చే చిల్లర బిల్లులకి 80, బట్టలు, బొమ్మలు, ఎప్పుడైనా బయట భోజనం 450, ఆ వైద్యం నిధికి 270, ఇండియా టికెట్లకి 300. మొత్తం 5,840. 7,500లో పోగా 1,660. రెండు రోజుల కితా పెడితే 560. ఐదు రోజులు పెడితే నెలకి వెయ్యి పైన లోటు.

ఏడాదికోసారి వచ్చే బిల్లులన్నాను కదా, వాటిని చిన్నచూపు చూడొద్దు. ఇంట్లో టీవీ ఉన్నా లేకపోయినా సెరాఫె అని రేడియో, టీవీ రుసుము 335 ఫ్రాంకులు ఇంటికి, ఇంటి సామాను, నష్టపరిహార బీమా, నేబెన్‌కోస్టెన్ తేడా. చెత్తకి కూడా ఊరి ముద్ర ఉన్న సంచే కొనాలి, సంచి ధరలోనే చెత్త రుసుము ఉంటుంది. ఏ ఉత్తరం వచ్చినా అదే రోజు విప్పండి. నాకు తెలిసిన కుర్రాడు ఒకడు ఆరు వారాలు ఊరెళ్లి వచ్చేసరికి ఒక చిన్న బిల్లు, దాని మీద రిమైండర్లు, దాని మీద బెట్రైబుంగ్ నోటీసు వచ్చి ఉన్నాయి. డబ్బు అదే వారం కట్టేశాడు, కానీ ఆ రికార్డు ఉండగా ఇల్లు దొరక్క ఎనిమిది నెలలు ఒక్క అద్దె గదిలోనే ఉన్నాడు.

మీకు అసలు కష్టం మొదటి రెండు మూడు నెలలే. జీతం నెలాఖరుకి వస్తుంది, ఈలోపు తాత్కాలిక ఫర్నిష్డ్ ఇంటికి నెలకి 3,500 నుంచి 4,500, తర్వాత డిపాజిట్ 7,800, మొదటి అద్దె, మంచాలు, బీమా బిల్లు. 18,000 నుంచి 20,000 ఫ్రాంకులు చేతిలో ఉండాలి. మీరు ఇప్పుడు కంపెనీతో బేరమాడాల్సింది జీతం మీద ఇంకో రెండు వేల కోసం కాదు. మొదటి రెండు నెలల ఇల్లు వాళ్లు ఇస్తారా, డిపాజిట్‌కి అడ్వాన్సు ఇస్తారా అని అడగండి. జీతం శ్లాబులు కదలవు గానీ, ఇవి చాలాసార్లు ఒప్పుకుంటారు. వీలైతే ముందు మీరొక్కరే వచ్చి చిన్న గదిలో ఉండి, ఇల్లు దొరికాక వాళ్లని పిలిపించుకోండి. ఫర్నిచర్ బ్రోకెన్‌హౌస్‌లలో (పాత సామాన్ల కొట్లు) చూడండి, మా డైనింగ్ టేబుల్ 60 ఫ్రాంకులు, ఇప్పటికీ కదల్లేదు.

సామానులో ఏం తేవాలని కూడా అడిగారు. అడుగు చదునుగా ఉన్న కుక్కర్ తెచ్చుకోండి, ఇక్కడ ఇళ్లలో గ్యాస్ అరుదు, ఎక్కువగా కరెంటు గాజు పొయ్యిలే. మిక్సీ పనిచేస్తుంది, ప్లగ్గు మారుస్తే చాలు. ఆవకాయ తేవచ్చు. నెయ్యి, పాలతో చేసిన స్వీట్లు, మాంసం పచ్చళ్లు ఇండియా నుంచి తేకూడదు, కరివేపాకు రెబ్బలు, మామిడిపళ్లు కూడా పట్టుకుంటారు. నెయ్యి గురించి బాధపడకండి, ఇక్కడి వెన్న కాస్తే మన ఇంటి నెయ్యి కన్నా బాగుంటుంది, మా అమ్మ ముందు మాత్రం ఆ మాట అనను.